కాసరగోడ్ దొంగకున్న యాస బెజవాడ హీరోకి లేదేంటి?

మలయాళం సినిమా అంటే మా మావయ్య ఇప్పటికీ ఓ వంకర నవ్వు నవ్వుతాడు. ఆయన కుర్రతనంలో ఇక్కడ మలయాళం డబ్బింగ్ అంటే మార్నింగ్ షో, గోడ మీద సగం చిరిగిన పోస్టరు, తెలిసినవాళ్ళెవరన్నా చూస్తారేమోనని తల వంచుకుని లోపలికి దూరే జనం, అంతే. అలాంటి మనిషి ఇప్పుడు రాత్రి భోంచేసి సోఫాలో కూలబడి "ఆ ఫహద్ కుర్రాడిది కొత్తదేవన్నా వచ్చిందేంటే" అని నన్నే అడుగుతున్నాడు. మంజుమ్మల్ బాయ్స్, ప్రేమలు రెండూ 2024లో తెలుగు డబ్బింగ్‌లో మన థియేటర్లలోనే ఆడాయి కాబట్టి ఇక సిగ్గుపడాల్సిన పని కూడా లేదు.

సరే, చూడటం అందరూ చూస్తున్నారు. ఎందుకు బాగుంటాయి అంటే మాత్రం ఒకటే సమాధానం, "నేచురల్‌గా ఉంటాయండీ". నాకు ఈ మాటతోనే పేచీ. నేచురల్ అంటే ఏంటి, లైటింగ్ తక్కువ పెట్టి హీరోకి లుంగీ కడితే నేచురల్ అయిపోద్దా? అలా తీసిన తెలుగు సినిమాలు కూడా చూశాం, పది నిమిషాలకే నిద్రొచ్చింది. వాళ్ళ సినిమాల్లో ఉన్నది వేరే, అక్కడ ఊరుంటది. కేరళ అని కూడా కాదు, ఫలానా ఊరు, ఒక్కోసారి ఆ ఊళ్ళో ఫలానా వీధి, ఆ వీధిలో ఎవరు ఏం పని చేస్తారు, ఏ గుడికో చర్చికో వెళ్తారు, పొద్దున్నే ఏం తింటారు, ఎవరి ఇంటికి ఎవరు వెళ్ళరు, ఇవన్నీ కథలోకి వచ్చేస్తాయి, కథ పక్కన డెకరేషన్‌లాగా కాకుండా కథే వాటిల్లోంచి పుడతది.

అంగమాలి డైరీస్ తీసుకోండి, 2017ది, లిజో జోస్ పెల్లిస్సేరి తీశాడు. రాసింది చెంబన్ వినోద్, ఆయనది ఆ ఊరే. అంగమాలి అంటే కొచ్చి ఎయిర్‌పోర్ట్ పక్కనుండే చిన్న టౌను. సినిమాలో 86 మంది కొత్త మొహాలు, ఒక్క తెలిసిన యాక్టర్ లేడు. టైటిల్స్ పడుతుంటే వరసపెట్టి తిండే, చర్చి పండగలు, మార్కెట్టు, బ్యాండు మేళం. గొడవంతా పంది మాంసం వ్యాపారం మీద. మన ఇండస్ట్రీలో హీరో పోర్క్ షాప్ పెట్టుకుంటాడని కథ చెప్తే ఫైనాన్సియర్ కుర్చీలోంచి లేచెళ్ళిపోతాడు. అక్కడ సిరియన్ క్రిస్టియన్లు అని తరతరాలుగా కేరళలో ఉన్న క్రైస్తవుల ఇళ్ళల్లో పండగంటే అదే కాబట్టి ఎవరూ దాన్ని వింతగా చూడలేదు. దీన్నే తెలుగులో ఫలక్‌నుమా దాస్‌గా తీసినప్పుడు పాతబస్తీకి మార్చి మటన్ చేశారు, అది తెలివైన పనే అనుకుంటా, కనీసం ఒక ఏరియాని పట్టుకున్నారు.

ఇక మలప్పురం వెళ్తే సుడానీ ఫ్రమ్ నైజీరియా, 2018. అక్కడ సెవెన్స్ ఫుట్‌బాల్ అని ఉంటది, టీముకి ఏడుగురే, వరి కోసేశాక ఖాళీగా ఉండే పొలాల్లో గ్యాలరీలు కట్టి ఆడతారు, ఆఫ్రికా నుంచి ప్లేయర్లని తెచ్చుకుంటారు. అలా వచ్చిన ఒకతనికి దెబ్బ తగిలి మేనేజర్ ఇంట్లో మంచం మీద పడుంటే, ఆ ఇంట్లో ఉన్న ముస్లిం పెద్దావిడ, పక్కింటి ఇంకో పెద్దావిడ భాష రాకుండానే వాడికి సేవ చేస్తుంటారు. ఆ ఇద్దరూ కోజికోడ్ నాటకాల వాళ్ళు. వాళ్ళు గిన్నె పట్టుకునే పద్ధతి చూస్తేనే తెలుస్తది నటించట్లేదని. ముస్లిం ఇల్లు అంటే మన సినిమాల్లో ఖవ్వాలీ పాటో, చావబోయే ఫ్రెండో, బాంబో తప్ప ఏం చూశాం చెప్పండి? మన బెజవాడ వన్‌టౌన్‌లో, పంజా సెంటర్ చుట్టుపక్కల ఎన్ని తరాల నుంచి ఉంటున్నారో వాళ్ళు. ఒక్క సినిమాలో ఒక్క వంటిల్లు కనపడదు.

మా అపార్ట్‌మెంట్‌లో పై ఫ్లోర్‌లో ఒక ఆంటీ ఉంటారు, సొంతూరు కొట్టాయం వైపు, చిన్నప్పుడే నర్సు ఉద్యోగానికి విజయవాడ వచ్చి ఇక్కడే రిటైరయ్యారు, తెలుగు నాకన్నా గట్టిగా మాట్లాడతారు, కూరగాయలబ్బాయితో బేరమాడితే వినాలి. ఓ ఆదివారం ఆవిడతో కలిసి న్నా తాన్ కేస్ కొడు చూశా. 2022 సినిమా. కథేంటంటే ఒక మాజీ దొంగ, రోడ్డు మీద గుంత వల్ల ఆటో తన మీదకొస్తుంటే తప్పించుకోడానికి పక్కనున్న ఎమ్మెల్యే గారి గోడ దూకుతాడు, కుక్కలు కరుస్తాయి, దొంగతనానికే వచ్చావని కేసు పెడతారు. అప్పుడు వీడు తిరిగి, ఆ గుంత పూడ్చని మంత్రి మీదే కేసు నడుపుతాడు. మొత్తం కాసరగోడ్ జిల్లాలో, కర్ణాటక బోర్డర్ దగ్గర, అక్కడి యాసలోనే జరుగుద్ది. మేజిస్ట్రేట్‌గా చేసినాయన అక్కడి రిటైర్డ్ స్కూల్ మాస్టారు, ఆయనకి స్టేట్ అవార్డు కూడా వచ్చింది. సగంలో ఆంటీ "అమ్మాయ్, సబ్‌టైటిల్స్ పెద్దవి చెయ్యి, నాకూ సగం అర్థం కావట్లా" అన్నారు. చూడండి, మలయాళీకే మలయాళం సినిమాకి సబ్‌టైటిల్స్! అయినా తియ్యడం ఆపలేదు వాళ్ళు, అందరికీ అర్థమవ్వాలని ఆ దొంగ చేత న్యూస్ రీడర్ మలయాళం మాట్లాడించలేదు. కుంచాకో బోబన్ పెద్ద హీరో, చాక్లెట్ బాయ్ అని పేరు, అతను కూడా ఆ యాస నేర్చుకుని, పళ్ళు ఎత్తుగా పెట్టుకుని చేశాడు.

ఇప్పుడు మన సంగతికొద్దాం. తెలుగు సినిమాకి యాసలు లేవా అంటే ఉన్నాయి, కాకపోతే డ్యూటీలు వేసి పెట్టారు. ఎన్ని దశాబ్దాలు చూశాం, తెలంగాణ మాట్లాడితే విలనో కమెడియనో, సీమ మాట్లాడితే సుమో ఎక్కి కత్తి పట్టుకున్నోడు, శ్రీకాకుళం మాట్లాడితే ఇంట్లో పనోడు. హీరో మాత్రం ఏ ఊరోడైనా కృష్ణా గుంటూరు భాషే. వాళ్ళకి కోపం రావడంలో న్యాయం ఉంది, తెలంగాణ ఉద్యమం టైములో గట్టిగానే అన్నారు, అనాల్సిందే. నేను చెప్పేది దానికి రెండో వైపు. అందరూ అనుకుంటారు ఈ ఏర్పాటులో లాభపడింది మన జిల్లాల వాళ్ళమే అని. డబ్బు సంగతి వేరు. తెర మీద చూస్తే మాత్రం, మన మాటని తీసుకెళ్ళి ఇస్త్రీ చేసి పుస్తకం భాష చేసి అందరికీ పంచారు, దాంతో అది ఎవరిదీ కాకుండా పోయింది. హీరో మాట్లాడేది మన భాషేనంట, కానీ అందులో మా అమ్మమ్మ లేదు. మా అమ్మమ్మది సత్తెనపల్లి వైపు, "యాడికి పోతన్నావే, ఆ సంచి ఇటివ్వు" అంటది, సినిమాలో అలా అంటే కామెడీ ట్రాక్ అనుకుంటారు. మా ఆటోనగర్ మెకానిక్ మాట్లాడే మాట అందులో లేదు. బీసెంట్ రోడ్డులో చీరలు పరిచి కేకేసేవాడి మాట లేదు.

విచిత్రం ఏంటంటే సినిమా వాళ్ళల్లో సగం మంది ఇక్కడి వాళ్ళే. ఎన్టీఆర్‌ది నిమ్మకూరు, కృష్ణది బుర్రిపాలెం, సావిత్రిది చిర్రావూరు, గుమ్మడిది రావికంపాడు, మాయాబజార్ నిర్మాతలిద్దరిలో చక్రపాణిది తెనాలి. డిస్ట్రిబ్యూషన్ ఆఫీసులంటే ఒకప్పుడు గాంధీనగరే, నవయుగ వాళ్ళది అక్కడే, ఏ సినిమా ఎంత లాగుద్దో ఆ వీధుల్లో తేలేది. డబ్బు ఇక్కడిది, మనుషులు ఇక్కడోళ్ళు, భాష ఇక్కడిదని పేరు. మరి ఊరేది?

విజయవాడని సినిమాల్లో ఎలా చూపిస్తారో మీకూ తెలుసు. డ్రోన్ షాట్‌లో ప్రకాశం బ్యారేజీ, దుర్గమ్మ గుడి, కింద 'విజయవాడ' అని అక్షరాలు పడతాయి, ఆ తర్వాత రౌడీలు. రెండు కులాలు, రెండు గ్యాంగులు, కాలేజీ ఎలక్షన్లు, నడిరోడ్డు మీద హత్య. అది జరగలేదని కాదు, జరిగింది, మా పెద్దవాళ్ళు ఆ రోజులు చెప్తే ఇప్పటికీ గొంతు తగ్గిస్తారు. కానీ అది తప్ప ఇంకేం జరగలేదా ఈ ఊళ్ళో? గుంటూరంటే మిర్చి, హీరో కోపిష్టోడు, అయిపోయింది. యార్డులో ఘాటుకి ముక్కుకి తువ్వాలు కట్టుకుని బస్తాలు మోసేవాళ్ళు, కోల్డ్ స్టోరేజీలో సరుకు పెట్టి రేటు కోసం ఎదురుచూసే రైతు, తాలు కాయలు ఏరే ఆడవాళ్ళ చేతులు, అవి ఏ సినిమాలో చూశారు? గుణదల మేరీ మాత ఉత్సవాలు చూడండి, ప్రతి ఫిబ్రవరిలో ఊరు ఊరంతా ఆ కొండ వైపే, తలనీలాలిచ్చేవాళ్ళు, కొబ్బరికాయలు, కొవ్వొత్తులు, చర్చిలో మొక్కే పద్ధతి చూస్తే గుడీ చర్చీ కలిసిపోయినట్టు ఉంటది, హిందువులు ఎంతమంది వెళ్తారో. ఇలాంటిది అంగమాలికి ఉంటే ఈపాటికి నాలుగు సినిమాలు తీసేవాళ్ళు. ఆటోనగర్‌లో లారీ ఛాసిస్ వచ్చి బాడీ కట్టించుకుని రంగులేసుకుని బయటికెళ్ళడం ఒక్కటి చాలు, రెండు గంటల కథ. ఆటోనగర్ సూర్య అని 2014లో వచ్చింది, ఆ వర్క్‌షాపుల్లోకి కాస్త తొంగిచూసింది గానీ మళ్ళీ కొట్లాటల్లో పడిపోయింది. కార్పొరేట్ కాలేజీ హాస్టళ్ళ గురించైతే చెప్పనే అక్కర్లేదు, ఇంటర్ పిల్లలతో నిండిన బిల్డింగులు, కిటికీలకి ఇనప మెష్‌లు, ఆదివారం గేటు బయట టిఫిన్ క్యారేజీలతో అమ్మానాన్నలు. ఈ ఊరికి అదే పెద్ద పరిశ్రమ కదా, ఎవరూ కెమెరా తీసుకుని లోపలికెళ్ళరే!

ఒక్కటి మాత్రం మెచ్చుకోవాలి. మిడిల్ క్లాస్ మెలొడీస్, 2020 నవంబర్‌లో డైరెక్ట్‌గా ఓటీటీలో వచ్చింది. కొలకలూరు నుంచి గుంటూరొచ్చి హోటల్ పెట్టాలనుకునే కుర్రాడు, వాడి చేతి బొంబాయి చట్నీ. తండ్రిగా చేసిన గోపరాజు రమణ గారు నాటకాలాయన, ఆయన తిట్టే ప్రతి తిట్టూ మా పెదనాన్న నోట్లోంచి ఊడిపడినట్టే ఉంటది. మా ఇంట్లో ఆ సినిమా చూసేటప్పుడు మధ్యలో ఆపి "అదిగో, అది అరండల్‌పేట కదా" అని గొడవ. సొంత ఊరు తెర మీద కనపడితే మనుషులు ఎంత చిన్నపిల్లలైపోతారో ఆ రోజు చూశా. మలయాళీలకి ఆ సరదా నెలనెలా దొరుకుద్ది.

అంటే వాళ్ళు పుట్టుకతోనే ఇంత బుద్ధిమంతులా అంటే కాదు. వాళ్ళకీ ఒక 'స్టాండర్డ్' ఉండేది. ఒట్టపాలం చుట్టుపక్కల వళ్ళువనాడు అంటారు, చాలా కాలం ఆ యాసే అసలైన మలయాళం, అక్కడి పెద్ద పెద్ద లోగిళ్ళే అసలైన కేరళ అన్నట్టు తీశారు. 1993లో వచ్చిన దేవాసురం లాంటి వాటిల్లో 'వరిక్కాశేరి మన' అనే పేరుతో ఒక పాత లోగిలి ఉంటది, ఆ తర్వాత ఎన్ని సినిమాల్లో అదే ఇల్లో లెక్క లేదు. అదే అరుగు, అదే ఏనుగు, హీరో పెద్దింటి నాయర్. మన సీమ సినిమాల్లో బంగళాలు గుర్తొస్తాయి. దాన్నుంచి బయటపడింది ఒక్కరోజులో కాదు. 2005లో మమ్ముట్టి రాజమాణిక్యంలో తిరువనంతపురం యాసలో మాట్లాడితే జనం విరగబడి నవ్వారు, అది కామెడీ అయినా సూపర్ హిట్టయ్యింది, సూపర్‌స్టార్ నోట యాస పలికితే నామోషీ కాదని తేలిపోయింది. ఆ తర్వాత ఏళ్ళల్లో ఇడుక్కి, కొచ్చి తీరం, మలప్పురం, చివరికి కాసరగోడ్ దాకా ఒక్కోటి పైకొచ్చాయి. డిజిటల్ కెమెరాలొచ్చి ఖర్చు తగ్గడం కూడా కారణమే, ఆ సంగతి వదిలేసి అంతా సంస్కృతి గొప్పతనం అంటే అబద్ధం.

ఇంకా వెనక్కి వెళ్తే ఒకటి భలే అనిపిస్తది. ఆంధ్రప్రదేశ్, కేరళ రెండూ పుట్టింది ఒకే రోజు, 1956 నవంబర్ 1. అంతకి రెండేళ్ళ ముందే, అంటే కేరళ అనే రాష్ట్రం లేనప్పుడే, నీలక్కుయిల్ వచ్చింది, పి. భాస్కరన్, రాము కారియాట్ కలిసి తీశారు. పెద్దకులం టీచరు ఒక దళిత అమ్మాయిని మోసం చేస్తే, ఆ పుట్టిన బిడ్డని ఊరి పోస్ట్‌మ్యాన్ పెంచుతాడు. పాటల్లో మాప్పిళ్ళ ముస్లింల బాణీలు. అప్పటిదాకా తమిళ, హిందీ సినిమాల నకళ్ళు తీసుకున్నవాళ్ళు అక్కడ్నుంచి సొంత ఊళ్ళ వైపు తిరిగారు. దీని వెనక నాటకం ఉంది, 1952లో కేపీఏసీ అనే కమ్యూనిస్టు నాటక సంస్థ వాళ్ళు వేసిన తోప్పిల్ భాసి నాటకం పల్లెపల్లెకీ తిరిగింది. లైబ్రరీలున్నాయి, ఫిల్మ్ సొసైటీలున్నాయి, 1965లో అదూర్ గోపాలకృష్ణన్ వాళ్ళు చిత్రలేఖ అనే సొసైటీ పెట్టారు. అందుకని మలయాళీలకి కుదిరింది అంటారు మేధావులు.

మరి మనకి లేవా? ఆంధ్రదేశ గ్రంథాలయ సంఘం మొదలైంది ఈ బెజవాడలోనే, 1914లో. ప్రజానాట్యమండలి మా భూమి నాటకం పట్టుకుని కృష్ణా గుంటూరు పల్లెలన్నీ తిరిగింది కేపీఏసీ కన్నా ముందే. సుంకర, వాసిరెడ్డి రాసింది, సర్కారు నిషేధం పెట్టేంతగా ఆడింది. అంటే విత్తనం ఇక్కడా పడింది. ఏమైందంటే నా ఉద్దేశం ఇది, మన సినిమా ఇంటికి దూరంగా పెరిగింది. ముందు మద్రాసు, ఆ తర్వాత హైదరాబాదు. మలయాళం వాళ్ళూ మద్రాసులోనే ఉండేవాళ్ళు గానీ షూటింగులకి సొంత ఊళ్ళకి పోయేవాళ్ళు, స్టూడియో ఫ్లోర్‌లో సెట్టేసే డబ్బుల్లేక కొంత, ఊళ్ళే కావాలని కొంత. మనకి డబ్బులున్నాయి కాబట్టి పల్లెటూరు సెట్టేశాం. పైగా అన్ని ఏరియాల్లో అమ్ముకోవాలి, నైజాం, సీడెడ్, ఆంధ్ర, ఓవర్సీస్, ఏ ఒక్క ఊరికీ చెందకపోతేనే ఎక్కడైనా ఆడుద్దని లెక్క. బలగం 2023లో ఆ లెక్క తప్పని చెప్పింది, చావింట్లో కాకి ముద్ద ముట్టలేదనే చిన్న విషయం మీద, పక్కా తెలంగాణ పల్లె మాటలతో తీస్తే గుంటూరోళ్ళు కూడా ఏడ్చారు, కేరాఫ్ కంచరపాలెం 2018లోనే చెప్పింది. మన వైపే ఎవరూ వినలా.

రీమేకులు చూస్తే ఇంకా బాగా తెలుస్తది. అయ్యప్పనుమ్ కోషియుమ్, 2020, సచి తీసింది, పాపం ఆ ఏడాదే పోయాడు. అట్టప్పాడి అడవి దారి, అక్కడ మద్యనిషేధం, కారులో బాటిళ్ళతో దొరికిపోయిన కోషి అనే డబ్బున్న క్రిస్టియన్, పట్టుకున్న ఎస్సై అయ్యప్పన్ నాయర్. ఇందులో మెలిక ఆ 'నాయర్'లో ఉంది. వాళ్ళమ్మ ఆదివాసీ, తనకి దక్కాల్సిన గుర్తింపు దక్కలేదు కాబట్టి కొడుకు పేరు చివర పంతంగా ఆ తోక పెట్టింది. భార్య కన్నమ్మ ఆదివాసీ హక్కుల కోసం కొట్లాడే మనిషి, మొగుడి కోసం ఏడ్చే రకం కాదు. మొదట్లో వినపడే పాట ఇరుళ అనే ఆదివాసీ భాషది, పాడిన నంజియమ్మ అట్టప్పాడిలోనే ఉంటారు, మేకలూ పశువులూ కాచుకునే ఆవిడకి జాతీయ ఉత్తమ గాయని అవార్డొచ్చింది. అంటే ఆ గొడవ ఇద్దరు మగాళ్ళ అహం మాత్రమే కాదు, కులం, భూమి, డబ్బు, ఎవరి అడవిలో ఎవరు కారు నడుపుతున్నారు అనేది. 2022లో అది భీమ్లా నాయక్ అయ్యింది. టైటిల్లో ఒక్కడే మిగిలాడు చూశారా, రెండోవాడు ఎగిరిపోయాడు. సినిమాగా నాకు నచ్చింది, అబద్ధం ఎందుకు, థియేటర్లో కాగితాలు కూడా ఎగరేశా. కిన్నెర మొగులయ్య గారి గొంతుతో పాట మొదలవ్వడం మాత్రం సరైన పని, అదొక్కటే మన నేల మీద మొలిచింది ఆ సినిమాలో. మిగతాది ఏ ఊరైనా కావచ్చు. మహేషింటె ప్రతీకారాన్ని ఉమామహేశ్వర ఉగ్రరూపస్యగా తీసిన వెంకటేష్ మహా అలా చెయ్యలా, ఇడుక్కిని తీసుకెళ్ళి అరకులో పెట్టి, అక్కడి మాట, అక్కడి చలి, అక్కడి ఫొటో స్టూడియో వెతుక్కున్నాడు. ఊరికి ఊరు ఇచ్చి పుచ్చుకోవడం అంటే అదీ.

ఊరుని చూపించడమంటే పచ్చటి కొండలు, పడవలు, సద్య విందులో అరిటాకులు అనుకునేరు, అది టూరిజం వాళ్ళు చూపిస్తారు. ది గ్రేట్ ఇండియన్ కిచెన్ మా అమ్మతో కలిసి చూశా, 2021ది, జియో బేబీ తీసింది. పెద్ద ఓటీటీలు వద్దంటే ముందు ఓ చిన్న మలయాళం యాప్‌లో వచ్చింది. మామగారికి అన్నం కట్టెల పొయ్యి మీద వండాలి, చట్నీ రాతి మీద నూరాలి, మిక్సీ పనికిరాదు, బ్రష్ కూడా చేతికి అందివ్వాలి. భోంచేసి లేచాక మగాళ్ళు నమిలి ఉమ్మిన మునక్కాడల పిప్పి టేబుల్ మీదే ఉంటది, ఆ ఎంగిలి మధ్యే కూచుని ఆడవాళ్ళు తినాలి. మా ఇంట్లో తాతయ్యకి గోంగూర పచ్చడి రోట్లో నూరితేనే దిగేది. "మిక్సీలో వేస్తే మెత్తగా పేస్ట్ అయిపోద్ది, రుచి చచ్చిపోద్ది" అని లెక్చరు. నిజమే, రుచి తేడా ఉంటది, కాకపోతే ఆ తేడా కోసం పొత్రం పట్టుకుని భుజం అరగదీసుకుంది అమ్మమ్మ, తర్వాత అమ్మ. గుంటూరు రోటి పచ్చడి అని హోటళ్ళ బోర్డుల మీద గొప్పగా రాసుకుంటాం కదా, ఆ రోలు దగ్గర ఎవరు కూచున్నారో ఏ తెలుగు సినిమా చూపించలా. సినిమా అయిపోయాక మా అమ్మ "ఇందులో కొత్తేముందే, రోజూ జరిగేదేగా, దీనికి టికెట్టా" అంది. మావయ్య స్లోగా ఉందన్నాడు. ఆయనకి స్లోగానే ఉంటది మరి.

అలాగని మలయాళం సినిమాని దేవుడి గదిలో పెట్టక్కర్లేదు. వాళ్ళ మొట్టమొదటి సినిమా విగతకుమారన్‌లో హీరోయిన్ పి.కె. రోసీ దళిత అమ్మాయి, నాయర్ స్త్రీ వేషం వేసిందని పెద్దకులాల వాళ్ళు దాడి చేసి ఊర్నుంచే తరిమేశారు, తమిళనాడు పారిపోయి ఎవరికీ తెలియకుండా బతికింది. ఇన్నేళ్ళయినా ఆ ఇండస్ట్రీలో పెద్ద వేషాలు ఎవరికి వస్తాయో చూస్తే పెద్ద మార్పేం కనపడదు. అక్కడి సినిమాల్లో ఆడవాళ్ళ పరిస్థితి మీద వేసిన హేమ కమిటీ రిపోర్టు 2019లో ఇస్తే బయటపెట్టడానికి 2024 ఆగస్టు దాకా పట్టింది, అందులో ఆడవాళ్ళు చెప్పుకున్నవి చదివితే తెర మీది సంస్కారం సెట్లో లేదని తెలుస్తది. కాకపోతే అలాంటి కమిటీ కోసం గొడవ చేసింది కూడా అక్కడి నటీమణులే, అదీ చెప్పాలి.

నాకు అసలు కుళ్ళు పుట్టించింది మాత్రం 2018 అనే సినిమా. ఆ ఏడాది ఆగస్టులో కేరళ వరదలు, మత్స్యకారులు పడవలేసుకుని జనాన్ని కాపాడటం, అదంతా. 2023లో చూసినప్పుడు బాగా తీశాడు అనుకున్నా అంతే. తర్వాత ఏడాది, 2024 సెప్టెంబర్ 1 ఆదివారం, బుడమేరు వచ్చి సింగ్‌నగర్, పాయకాపురం, రాజరాజేశ్వరిపేట మీద పడింది. అవతల కృష్ణలో 11 లక్షల క్యూసెక్కులు దాటిపోయింది, కొట్టుకొచ్చిన బోట్లు బ్యారేజీ గేట్లని గుద్దాయి. మా పిన్ని వాళ్ళు సింగ్‌నగర్‌లో పై అంతస్తు కాబట్టి బతికిపోయారు, కింద వాటావాళ్ళంతా వీళ్ళింట్లోనే, కరెంటు లేదు, ఫోన్లు చచ్చిపోయాయి, డ్రోన్ వచ్చి మేడ మీద పులిహోర పొట్లాలు పడేసిందంట, ఒక ముసలాయన అది చూసి దణ్ణం పెట్టాడంట. నీళ్ళు తీశాక ఫైరింజన్లతో ఇళ్ళు కడిగారు, వీధంతా పరుపులు, బీరువాలు, బురదలో నానిపోయిన పిల్లల సర్టిఫికెట్లు దండేల మీద ఆరేసి. పాల ప్యాకెట్‌కి మూడింతలు అడిగినోడూ ఈ ఊరోడే, ట్యూబు కట్టుకుని ఈదుకుంటా మందులు తెచ్చిచ్చినోడూ ఈ ఊరోడే. వరదలు ఎందుకొచ్చాయి, బుడమేరు కట్టలు ఎలా తెగాయి, ఆ దారిలో ఇళ్ళ స్థలాలు ఎవరు ఎవరికి అమ్మారు, ఇన్ని ఉన్నాయి. ఈ కథ కేరళలో అయితే ఇప్పటికి స్క్రిప్ట్ నాలుగో డ్రాఫ్ట్‌లో ఉండేది. ఇక్కడ ఎవరన్నా మొదలుపెడితే చెప్పండి, షూటింగ్‌కి మా పిన్ని వాళ్ళ మేడ ఇప్పిస్తా, బాబాయ్‌ని నేను ఒప్పిస్తా.

మా కజిన్ ఒకడు ఇండస్ట్రీలో రైటర్ల దగ్గర తిరుగుతుంటాడు, వాడికి ఇదంతా చెప్తే "అక్కా, ఎవడు చూస్తాడు, ఫస్ట్ హీరో ఎవరని అడుగుతారు" అన్నాడు. ఆ మాటా నిజమే, వాడి పొట్టకూటి సంగతి నాకేం తెలుసు.

చివరగా కొత్తగా మొదలుపెట్టేవాళ్ళకి ఓ మాట. తెలుగు డబ్బింగ్ పెట్టుకోవద్దు, దయచేసి. ఆ కాసరగోడ్ దొంగ, అట్టప్పాడి ఎస్సై, కుంబళంగి నైట్స్‌లో పడవవాడు అందరూ తెలుగులో ఒకటే గొంతుతో ఒకటే భాష మాట్లాడతారు, అదీ మన పేరు చెప్పి పంచిన ఆ ఇస్త్రీ భాష. మంజుమ్మల్ బాయ్స్‌లో అయితే మలయాళం కుర్రాళ్ళు కొడైకెనాల్‌లో తమిళ పోలీసుల ముందు మాట రాక తిప్పలు పడటమే సగం సినిమా, డబ్బింగ్‌లో ఆ సగం ఎగిరిపోద్ది. ఒరిజినల్ ఆడియో పెట్టుకోండి, సబ్‌టైటిల్స్ చదవడానికి బద్ధకమైతే ముందు మహేషింటె ప్రతీకారం చూడండి, అందులో మాటలు తక్కువ. తర్వాత కుంబళంగి నైట్స్, అందులో ఫహద్ అద్దం ముందు మీసం దువ్వుకునే సీను మీ ఇంట్లో మగాళ్ళు పక్కనుండగా చూడండి, సరదాగా ఉంటది. కిచెన్ మాత్రం ఆదివారం మధ్యాహ్నం భోజనాలయ్యాక పెట్టకండి, ఆ రోజు మా ఇంట్లో అంట్లు సాయంత్రం దాకా ఎవరూ ముట్టుకోలా.